పుట్టుకతో వచ్చేది, సాధనతో వచ్చేది

(విశాఖపట్నం ద్వారకానగర్‌లోని పౌర గ్రంథాలయంలో తల్లిదండ్రులు, ఉపాధ్యాయులు, శిక్షకులు కూడిన సభలో చేసిన ప్రసంగ పాఠం)

సభకు నమస్కారం.

ఈ సాయంత్రం నన్ను మాట్లాడమన్న విషయం సూటిగానే ఉంది. ఒక మనిషి ఏదైనా విద్యలో పైకి రావడానికి పుట్టుకతో వచ్చిన ప్రతిభ ముఖ్యమా, పట్టుబట్టి చేసిన సాధన ముఖ్యమా? నా అభిప్రాయాన్ని చివరిదాకా దాచి ఉంచడం నాకు ఇష్టం లేదు కనుక ముందే చెబుతాను. పుట్టుకలో తేడాలు నిజంగానే ఉన్నాయి. అవి లేవని చెప్పడం వల్ల పిల్లలకు మేలు జరగదు. అయితే ఆ తేడాలు ఎంతటివో తెలియాలంటే ముందు సరైన సాధన జరిగి ఉండాలి. మన పిల్లల్లో చాలామందికి అటువంటి సాధన ఒక్క ఏడాదైనా అందడం లేదు. అందని సాధనకు ఫలితం రాలేదని చూసి, పిల్లవాడిలోనే సరుకు లేదని మనం తీర్పు చెప్పేస్తున్నాం. నేను ఇక్కడికి వచ్చింది ఆ తీర్పు గురించి మాట్లాడడానికే.

ముందుగా, ఎటువంటి సాధన అన్నది తేల్చుకోవాలి. ఈ చర్చకు మూలమైన అధ్యయనం 1993లో వెలువడింది. ఆండర్స్ ఎరిక్సన్ అనే మనస్తత్వ శాస్త్రవేత్త, ఆయన ఇద్దరు సహచరులు కలిసి పశ్చిమ బెర్లిన్ సంగీత విద్యాలయంలోని వయొలిన్ విద్యార్థులను మూడు జట్లుగా తీసుకున్నారు. అంతర్జాతీయ స్థాయి కచేరీ విద్వాంసులు కాగలరని ఆచార్యులు భావించినవారు ఒక జట్టు, వారి తరువాతి వరుసలో ఉన్న మంచి విద్యార్థులు రెండో జట్టు, సంగీతోపాధ్యాయులు కావడానికి చదువుతున్నవారు మూడో జట్టు. జట్టుకు పదిమంది. పద్దెనిమిదేళ్ల వయసు వచ్చేనాటికి ఒంటరిగా కూర్చుని చేసిన సాధనను లెక్క వేస్తే, మొదటి జట్టుకు సగటున 7,410 గంటలు, రెండో జట్టుకు 5,301 గంటలు, మూడో జట్టుకు 3,420 గంటలు తేలాయి. ఇరవయ్యో ఏటికి మొదటి జట్టు సగటు పదివేల గంటల దగ్గరికి చేరింది. 2008లో ఒక ప్రసిద్ధ పుస్తకం ఈ పదివేల అంకెను ఒక సూత్రంగా ప్రచారం చేసింది. అప్పటినుంచి, ఎవరైనా ఏ పనినైనా పదివేల గంటలు చేస్తే నిష్ణాతులవుతారన్న మాట లోకమంతా పాకింది. ఎరిక్సన్ ఈ సూత్రాన్ని ఒప్పుకోలేదు. పదివేలన్నది సగటు మాత్రమే, అంటే ఆ పదిమందిలోనే కొందరు అంతకు తక్కువ సాధనతో ఆ స్థాయికి వచ్చారు. పైగా ఆయన లెక్కపెట్టింది ఎటువంటి గంటలన్నది ఆ ప్రచారంలో పూర్తిగా జారిపోయింది.

ఆయన చెప్పిన సాధనకు కొన్ని లక్షణాలున్నాయి. ఇప్పుడు చేతనైనదానికంటే కొంచెం మించిన పనిని ఎంచుకోవాలి. ఎక్కడ తప్పుతున్నామో చూసి చెప్పేవారు, కనీసం చెప్పే కొలమానం, పక్కన ఉండాలి. చెప్పిన తప్పును అప్పటికప్పుడే దిద్దుకుని మళ్లీ చేయాలి. చేస్తున్నంతసేపూ మనసు దానిమీదే ఉండాలి. దీన్ని నేను దిద్దుబాటు సాధన అంటాను. సంగీతం నేర్పే ఇళ్లలో ఇది అందరికీ తెలిసిన విషయమే. ఒక అమ్మాయి మాయామాళవగౌళ రాగంలో సరళీ స్వరాలు మొదటినుంచి చివరిదాకా మూడు కాలాల్లోనూ, అంటే మూడు వేగాల్లోనూ, గంటసేపు పాడి లేచిపోవచ్చు. ఇంకొక అమ్మాయి రెండో కాలంలో గాంధారం దగ్గర శ్రుతి తగ్గుతోందని గురువు ఆపినచోటనే ఆగి, ఆ ఒక్క పట్టును నెమ్మది చేసుకుని, స్వరం నిలిచాక మళ్లీ కాలం పెంచుకోవచ్చు. గడియారం ఇద్దరికీ గంటే చూపిస్తుంది గాని ఎరిక్సన్ లెక్కలోకి వచ్చేది రెండో అమ్మాయి గంట.

అదే అధ్యయనంలో మనవాళ్లు సాధారణంగా ప్రస్తావించని సంగతి మరొకటి ఉంది. పై రెండు జట్ల విద్యార్థులు వారానికి సగటున 24 గంటలకు పైగా ఒంటరి సాధన చేస్తే, మూడో జట్టువారు తొమ్మిది గంటలకు కొంచెం పైగా చేశారు. నిద్ర కూడా పై రెండు జట్లవారిదే ఎక్కువ: పగటి కునుకుతో కలిపి రోజుకు 8.6 గంటలు, మూడో జట్టుకు 7.8. అంత ఏకాగ్రతతో చేసే సాధన రోజుకు కొన్ని గంటలకు మించి సాగదు, సాగాలంటే విశ్రాంతి కావాలి. తెల్లవారకముందే లేపి, రాత్రి పదకొండుదాకా కూర్చోబెట్టి, ఇదంతా సాధనే అనుకునే తల్లిదండ్రులు ఈ అంకెల దగ్గర ఒక్క నిమిషం ఆగాలని నా మనవి.

వట్టి అనుభవం ఎందుకు చాలదో చెప్పడానికి వైద్యరంగం నుంచి ఒక పరిశీలన ఉంది. 2005లో అమెరికాలో కొందరు పరిశోధకులు వైద్యుల అనుభవానికి, వారు అందించే చికిత్స నాణ్యతకు ఉన్న సంబంధంపై వచ్చిన 62 పరిశీలనలను ఒక్కచోట చేర్చి చూశారు. వాటిలో సగానికి పైగా, ఏళ్లు గడిచేకొద్దీ నాణ్యత తగ్గినట్టే చూపించాయి. వైద్యుల మీద నిందగా ఈ మాట చెప్పడం లేదు. తప్పు ఎక్కడ జరిగిందో తిరిగి తెలియజేసే ఏర్పాటు లేని ఏ వృత్తిలోనైనా, ఒక స్థాయి తరువాత చేయి అలవాటు పడుతుందే తప్ప మెరుగుపడదు.

ఇక సాధన ఎంత దూరం తీసుకుపోగలదో చూద్దాం. తెలుగువారికి దీన్ని అవధానం ద్వారా చెప్పడం సులభం. అష్టావధానంలో సమస్య, దత్తపది, వర్ణన, నిషిద్ధాక్షరి అన్న పద్యపరీక్షలు పెట్టే పృచ్ఛకులు, అంటే ప్రశ్నలడిగేవారు, ఒకవైపు, అప్రస్తుత ప్రసంగంతో అడ్డుతగిలేవారు మరొకవైపు, గంట కొడుతూ లెక్క అడిగేవారు ఇంకొకవైపు కూర్చుంటారు. అవధాని ఒక్కో ఆవృత్తిలో ఒక్కో పద్యానికి ఒక్కో పాదం చెబుతూ నాలుగు ఆవృత్తుల్లో పూరించి, చివరికి కాగితం ముట్టకుండా అన్ని పద్యాలనూ ధారణ చేస్తారు, అంటే జ్ఞాపకం నుంచి అప్పజెబుతారు. చూసేవారికి అది దైవదత్తంగానే కనిపిస్తుంది, ఆ ఆశ్చర్యం సహజమే. కాని 1980లో ప్రచురితమైన ఒక ప్రయోగాన్ని దీని పక్కన పెట్టి చూడండి. అమెరికాలోని కార్నెగీ మెలన్ విశ్వవిద్యాలయంలో ఒక సాధారణ విద్యార్థిని తీసుకుని, క్షణానికి ఒకటి చొప్పున అంకెలు చదివి వినిపించి, అదే వరుసలో తిరిగి చెప్పమన్నారు. మొదట్లో అతడు అందరిలాగే ఏడు అంకెలు చెప్పగలిగాడు. ఏడాదిన్నరకు పైగా, మొత్తం రమారమి 230 గంటల సాధన తరువాత 79 అంకెలు చెప్పాడు. అతడు పరుగు పందెగాడు కనుక 3492 అన్న అంకెలు వినగానే, మైలు దూరాన్ని 3 నిమిషాల 49.2 సెకన్లలో పరిగెత్తినట్టుగా వాటిని గుర్తుపెట్టుకునేవాడు. ఆ తరువాత అంకెలు మాని అక్షరాలు చదివి వినిపిస్తే, మళ్లీ ఆరు దగ్గరే ఆగిపోయాడు.

ఈ ప్రయోగంలో నన్ను ఎక్కువగా ఆలోచింపజేసేది ఆ చివరి సంగతే. పెరిగింది మొత్తం జ్ఞాపకశక్తి కాదు. తనకు బాగా తెలిసిన విషయంలోకి కొత్త సమాచారాన్ని ఇమిడ్చుకునే నేర్పు పెరిగింది. 1973లో చేస్, సైమన్ అనే ఇద్దరు పరిశోధకులు చదరంగ క్రీడాకారులపై జరిపిన ప్రయోగం కూడా ఇదే చెప్పింది. నిజంగా ఆడిన ఆటలోని స్థితిని అయిదు సెకన్లు చూపిస్తే మాస్టర్ స్థాయి ఆటగాడు కొత్తవాడికంటే ఎన్నో రెట్లు ఎక్కువ పావుల స్థానాలు గుర్తుపెట్టుకున్నాడు. పావులను అడ్డదిడ్డంగా పేర్చి చూపించేసరికి ఆ ఆధిక్యం దాదాపు మాయమైంది. అవధాని విషయంలోనూ గణాలు, యతి, ప్రాస, ఏళ్ల తరబడి కంఠస్థం చేసిన పద్యాలు ధారణకు పట్టుకొమ్మలు. మనం పుట్టుక అనుకుంటున్నదానిలో ఎంతో భాగం, మన కంట పడకుండా జరిగిన సాధనే.

ఇక్కడితో ఆపితే నా ప్రసంగం ఏకపక్షమవుతుంది, ఎందుకంటే ఎదుటి పక్షాన ఉన్న సాక్ష్యం బలమైనది. 2014లో మాక్నమారా, హాంబ్రిక్, ఓస్వాల్డ్ అనే ముగ్గురు అప్పటిదాకా వచ్చిన అధ్యయనాలను కలిపి లెక్క వేశారు. మనుషుల మధ్య కనిపించే తేడాల్లో సాధన గంటల తేడా వివరించగలిగింది చదరంగం వంటి ఆటల్లో 26 శాతం, సంగీతంలో 21 శాతం, క్రీడల్లో 18 శాతం, చదువులో 4 శాతం, వృత్తుల్లో ఒక శాతం కంటే తక్కువ. 2019లో బెర్లిన్ అధ్యయనాన్ని మరింత కట్టుదిట్టంగా మళ్లీ చేసి చూస్తే, మూడో జట్టు వెనకబడడం నిజమే గాని, మొదటి రెండు జట్లు చేసిన సాధన ఇంచుమించు సమానమని తేలింది. ఒక స్థాయిదాకా గంటలు మనిషిని తీసుకువెళ్లాయి, ఆపైన ఉత్తములను మంచివారినుంచి వేరు చేసింది గంటలు కావు. అర్జెంటీనా చదరంగ క్రీడాకారులపై 2007లో వచ్చిన అధ్యయనంలో మాస్టర్ స్థాయికి చేరడానికి ఒకరికి మూడువేల గంటలు సరిపోతే, మరొకరికి ఇరవైమూడువేలకు పైగా పట్టాయి. అంతకు మించి చేసి కూడా ఆ స్థాయికి చేరనివారు ఉన్నారు.

ఈ అంకెలను చూసి, సంగీతంలో 21 శాతం సాధన, తక్కిన 79 శాతం ప్రతిభ అని చెప్పేవారు తప్పు లెక్క చెబుతున్నారు. ఆ మిగిలిన భాగంలో ఏ వయసులో మొదలుపెట్టారు, ఎటువంటి గురువు దొరికాడు, ఆరోగ్యం ఎలా ఉంది, ఇంట్లో పరిస్థితి ఏమిటి అన్నవన్నీ కలిసి ఉన్నాయి, కొలతలో దొర్లిన పొరపాట్లు కూడా ఉన్నాయి. వీటిలో చాలా అధ్యయనాలు గంటలను లెక్కపెట్టాయి, ఆ గంటల్లో జరిగిన దిద్దుబాటును కొలవలేకపోయాయి. చదువుకు 4 శాతమే వచ్చిందంటే కష్టపడి చదవడం దండగ అని ఎంతమాత్రం కాదు. పుస్తకం ముందు కూర్చున్న సమయానికీ, నేర్చుకోవడానికీ మధ్య ఎడం ఎంత ఉందో అది చెబుతోంది.

హంగరీకి చెందిన లాస్లో పోల్గార్ కథను ఇరుపక్షాలవారూ తమ సాక్ష్యంగా చెప్పుకుంటారు. మేధావులు పుట్టరు, తయారవుతారని నమ్మిన ఆయన తన ముగ్గురు కుమార్తెలకు ఇంట్లోనే చదువు చెప్పించి చదరంగం నేర్పించాడు. ముగ్గురూ గొప్ప క్రీడాకారిణులయ్యారు. చిన్నమ్మాయి జుడిత్ 1991లో పదిహేనేళ్లకే గ్రాండ్‌మాస్టర్ అయి, తరువాత పురుషులతో కలిపిన ప్రపంచ జాబితాలోనే ఎనిమిదో స్థానందాకా వెళ్లింది. కాని ఒకే ఇల్లు, ఒకే తండ్రి, ఒకే తీరు శిక్షణ ఉన్నా ముగ్గురూ ఒకే ఎత్తుకు చేరలేదు; వారిలో సోఫియా గ్రాండ్‌మాస్టర్‌కు ఒక మెట్టు కిందిదైన అంతర్జాతీయ మాస్టర్ హోదా దగ్గర ఆగింది. ముగ్గురినీ అంత దూరం తెచ్చింది ఆ శిక్షణ. వారి మధ్య మిగిలిన తేడాను ఆ శిక్షణ ఒక్కటే వివరించలేదు. అతి పిన్న వయసులో గ్రాండ్‌మాస్టర్ అయిన మహిళగా జుడిత్ పేరిట ఉన్న రికార్డును 2002లో మన కోనేరు హంపి పదిహేనేళ్ల ఒక నెల 27 రోజుల వయసులో దాటింది. ఆమెకు తొలి శిక్షకుడు తండ్రి అశోక్ గారే.

ఇప్పుడు మన ఊరి అమ్మాయి, హర్డిల్స్ పరుగు క్రీడాకారిణి జ్యోతి యర్రాజీ సంగతికి వస్తాను. పుట్టుకా సాధనా ఒకదానిలో ఒకటి ఎలా కలిసిపోతాయో నాకు ఇంతకంటే స్పష్టంగా చూపించే ఉదాహరణ లేదు. పోర్టు హైస్కూలులో చదువుతున్నప్పుడు ఆమె ఎత్తును వ్యాయామ ఉపాధ్యాయుడు గమనించాడు. ఎత్తు పుట్టుకతో వచ్చేదే, దాన్ని ఏ సాధనా ఇవ్వలేదు. కాని మహిళల 100 మీటర్ల హర్డిల్స్ ఎలా ఉంటుందో ఒక్కసారి లెక్కలో చూడండి. దారికి అడ్డంగా నిలిపిన పది హర్డిళ్లు, ఒక్కొక్కటి దాదాపు 84 సెంటీమీటర్ల ఎత్తు, మొదటి హర్డిల్‌కు 13 మీటర్లు, ఆ తరువాత హర్డిల్‌కూ హర్డిల్‌కూ మధ్య సరిగ్గా 8.5 మీటర్లు, ఆ దూరంలో వేయవలసినవి మూడు అడుగులు. వేగం పెరిగేకొద్దీ అడుగు సాగుతుంది, కాళ్లు పొడుగైనవారికి ఇంకా సాగుతుంది. హర్డిళ్లు మాత్రం ఉన్నచోటే ఉంటాయి. అడుగు ఎక్కువ సాగితే హర్డిల్‌కు మరీ దగ్గరగా వచ్చి కాలు తగులుతుంది. కాబట్టి పొడుగరి అమ్మాయి వేగం తగ్గకుండా అడుగును కుదించి, త్వరత్వరగా వేయడం నేర్చుకోవాలి. అంటే హర్డిల్ మీదినుంచి సులువుగా దాటించే ఆ ఎత్తే, హర్డిళ్ల మధ్య ఆమెకు చిక్కు తెచ్చిపెడుతుంది. ఆ చిక్కు విప్పడానికి వేలసార్లు పరిగెత్తాలి, పరిగెత్తిన ప్రతిసారీ కాలు ఎక్కడ పడిందో చూసి చెప్పే కన్ను ఉండాలి.

ఆమె హైదరాబాదు, గుంటూరు మీదుగా భువనేశ్వర్ చేరి జేమ్స్ హిలియర్ దగ్గర శిక్షణ పొందింది. 2002లో అనురాధా బిస్వాల్ నెలకొల్పిన 13.38 సెకన్ల జాతీయ రికార్డు ఇరవై ఏళ్లు చెక్కుచెదరకుండా నిలిచింది. 2022 మేలో సైప్రస్‌లో జ్యోతి 13.23 సెకన్లతో దాన్ని దాటింది. అంతకుముందు రెండుసార్లు అంతకంటే వేగంగా పరిగెత్తినా, ఒకసారి డోపింగ్ పరీక్ష జరగనందువల్ల, మరోసారి గాలి వేగం పరిమితిని కాస్త మించినందువల్ల అవి లెక్కలోకి రాలేదు. 2023లో బ్యాంకాక్‌లో ఆసియా విజేత అయింది, అదే ఏడాది చెంగ్డులో 12.78 సెకన్లకు చేరింది. 2024లో పారిస్ ఒలింపిక్స్‌లో ఆ పోటీలో దిగిన తొలి భారతీయురాలు ఆమే. ఇరవై ఏళ్లపాటు ఒక్క భారతీయురాలు కూడా 13.38ని అధికారికంగా దాటలేదంటే, ఆ ఇరవై ఏళ్లలో ఈ దేశంలో పొడుగైన, చురుకైన అమ్మాయిలే పుట్టలేదని ఎవరైనా అనగలరా?

ఈ ప్రశ్నకు మన ఉత్తరాంధ్రలోనే మరొక జవాబు ఉంది. విజయనగరం జిల్లా నెల్లిమర్ల మండలంలోని కొండవెలగాడ అన్న పల్లెటూరు బరువులెత్తే క్రీడాకారులకు పేరుపొందింది. 2014 గ్లాస్గో కామన్వెల్త్ క్రీడల్లో 53 కిలోల విభాగంలో పతకం గెలిచిన మత్స సంతోషిది ఆ ఊరే. 2000లో సిడ్నీలో కాంస్యం గెలిచి, ఒలింపిక్ పతకం సాధించిన తొలి భారత మహిళ అయిన కరణం మల్లీశ్వరి శ్రీకాకుళం జిల్లా ఆమదాలవలస ప్రాంతంలో నీలంశెట్టి అప్పన్న గారి దగ్గర మొదలుపెట్టింది. ఇటువంటి చోట్ల చుట్టుపక్కల ఊళ్ల రక్తానికి లేని ప్రత్యేకత ఏదో ఉందని నేను నమ్మను. అక్కడ బార్‌బెల్ ఉంది, బరువును ఒక్క ఊపులో తలపైకి లేపే స్నాచ్ ఎత్తేటప్పుడు నడుము వంగితే వెంటనే చెప్పే అన్నో అక్కో ఉన్నారు, మన ఊరి పిల్లకు పతకం రావడం సాధ్యమేనన్న నమ్మకం ఉంది. వీటిలో ఏ ఒక్కటీ పుట్టుకతో వచ్చేది కాదు. అయితే ఆ ఊళ్లలో బరువులెత్తిన ప్రతివారూ సిడ్నీకి వెళ్లలేదు, అది కూడా అంతే నిజం.

ప్రాచీన ఆలంకారికులు ఈ విషయాన్ని మనకంటే నిదానంగా ఆలోచించారు. కావ్యసంపదకు కారణాలు చెబుతూ దండి సహజ ప్రతిభ, నిర్మలమైన పాండిత్యం, ఎడతెగని అభ్యాసం అన్నాడు. ఆ వెంటనే, పూర్వవాసన వల్ల వచ్చే ప్రతిభ లేకపోయినా, చదువుతో, ప్రయత్నంతో సేవిస్తే వాగ్దేవి కొంతైనా అనుగ్రహించి తీరుతుందని ధైర్యం చెప్పాడు. మమ్మటుడు శక్తి, నిపుణత, అభ్యాసం అన్న మూడింటినీ చెప్పి, అవి మూడు వేర్వేరు హేతువులు కావనీ, మూడూ కలిసి ఒకే హేతువనీ తేల్చాడు. ఏది ఎంత శాతం అన్న తగాదాకు నాకు తెలిసినంతలో ఇంతకంటే మంచి సమాధానం లేదు.

నన్ను కలవరపెట్టే సంగతి మరొకటి ఉంది. సాధన చేసే అవకాశం పుట్టుక కంటే కూడా ఎక్కువ హెచ్చుతగ్గులతో పంచబడి ఉంది. విశాఖ కుర్రాడు నితీశ్ కుమార్ రెడ్డి 2024 డిసెంబరులో మెల్‌బోర్న్ మైదానంలో శతకం కొట్టినప్పుడు ఊరంతా పండగ చేసుకుంది. ఆ కుర్రాడి ఆటకోసం తండ్రి ముత్యాలరెడ్డి గారు ఉద్యోగాన్నే వదులుకున్నారని అందరం చదివాం. ఆ త్యాగానికి చేతులెత్తి నమస్కరిస్తాను. కాని ఒక పిల్లవాడి సాధన తండ్రి ఉద్యోగం మానితే తప్ప సాగని పరిస్థితిలో, ఉద్యోగం మానలేని ఇళ్లలోని పిల్లల ప్రతిభ గురించి మనం మాట్లాడే హక్కు ఎక్కడిది? ద్వారం వెంకటస్వామినాయుడు గారికి వయొలిన్‌లో తొలి గురువు సొంత అన్నగారే. ఆయన ఇరవైఆరేళ్ల వయసులో విజయనగరం సంగీత కళాశాలలో ఆచార్యుడయ్యారు. అన్నగారి చేతిలో వయొలిన్ లేని ఇంట్లో ఆయనే పుట్టి ఉంటే ఏమయ్యేదో ఎవరు చెప్పగలరు?

ఇక్కడున్న తల్లిదండ్రులకు రెండు మూడు మాటలు చెప్పి ముగిస్తాను. ఏ శిక్షణ కేంద్రంలోనైనా పిల్లను చేర్చేటప్పుడు రోజుకు ఎన్ని గంటలని అడుగుతున్నారు. ఒక శిక్షకుడికి ఎంతమంది పిల్లలని, పిల్ల చేసిన తప్పును ఎవరు, ఎప్పుడు, ఎలా చెబుతారని అడగండి. ఇంటికి వచ్చాక, ఇవాళ నీకు ఏం దిద్దారు అని పిల్లనే అడగండి. వారాల తరబడి ఏ సమాధానమూ రాకపోతే అక్కడ సాధన జరగడం లేదు, కాలక్షేపం జరుగుతోంది. పోటీ పరీక్షల శిక్షణలోనూ ఇంతే. వారం వారం పరీక్ష పెట్టి ర్యాంకుల పట్టిక గోడకు అంటించడం దిద్దుబాటు కాదు. తప్పిన లెక్క ఏ మెట్టు దగ్గర, ఎందుకు తప్పిందో పిల్లవాడి పక్కన కూర్చుని చూపించడమే దిద్దుబాటు.

రెండో మాట: పిల్లల ముందు "వీడికి గొంతు లేదు", "దీనికి లెక్కలు రావు" అనకండి. సరైన గురువు దగ్గర రెండు మూడేళ్లు సాగితే తప్ప ఆ మాట నిజమో కాదో చెప్పడానికి ఏ ఆధారమూ ఉండదు. ఆ తరువాత, పోటీలో నెగ్గుకొచ్చేంత ముందుకు వెళ్లలేరని తేలినా, పిల్లకు ఇష్టముంటే సాగనివ్వండి, ఇష్టం పోతే గౌరవంగా మానుకోనివ్వండి. మానుకున్నంత మాత్రాన ఆ ఏళ్లు వృథా కావు. తన తప్పును తాను వినగలగడం, దిద్దుకోగలగడం ఆ పిల్లకు అప్పటికే అలవడి ఉంటాయి.

ఈ సభలో శిక్షకులు, సంగీతోపాధ్యాయులు చాలామంది ఉన్నారు. ఒక్కొక్క విద్యార్థి తప్పులను మీరు ఎలా గుర్తుపెట్టుకుంటారో, ఎక్కువమంది పిల్లలున్నప్పుడు ఎలా దిద్దుతారో మీ నోటినుంచి వినాలని ఉంది. మిగిలిన సమయం మీది.